తిరుపతిలో చేత్తో చెక్కిన ఇత్తడి నేమ్‌ప్లేట్: ఒక ఐర్లాండ్ ఇంటిపేరు చేయించిన అనుభవం

ఇత్తడి నేమ్‌ప్లేట్ చేయించాలని చూస్తున్న వాళ్లకు ముందే చెప్పేస్తున్నా. తొందరపని అయితే ఈ అంగడికి వెళ్లొద్దు. అక్షరం తప్పు పోకూడదు అనుకుంటే మాత్రం నేరుగా ఇక్కడికే వెళ్లండి, రెండో చోట అడగక్కర్లేదు. గోవిందరాజస్వామి గుడి వెనక వీధుల్లో, పాత్రల అంగళ్లు దాటాక ఒక సందులో ఉంటుంది. పేరు రాసిన బోర్డు ఏమీ లేదు, ఆచారి అంగడి అని అడిగితే చూపిస్తారు. ఆయనకు అరవై దాటి ఉంటాయి, తోడుగా మేనల్లుడు. కంప్యూటర్ లేదు, లేజర్ మెషీన్ లేదు. ఉలి, సుత్తి, ఒక టేబుల్ లైటు, గోడ మీద విశ్వకర్మ పటం.

నేను చేయించింది మామూలు పేరు కాదు కాబట్టి ఈ రివ్యూ కొంచెం పొడుగవుతుంది. మా అక్క ఐర్లాండ్‌లో కేవన్ అనే ఊళ్లో నర్సు. పక్కింట్లో ఒక పెద్దాయన, ఆయన భార్య ఉంటారు. మా మేనకోడలు పుట్టినప్పుడు అమ్మకు టైముకి వీసా రాలేదు, ఆ నెలంతా బిడ్డకు స్నానం చేయించడం దగ్గర్నుంచి అక్కకు వేడి వేడిగా తినడానికి తెచ్చిపెట్టడం దాకా ఆ పెద్దమ్మే చూసుకుంది. ఈసారి అక్క సెలవుకి వచ్చినప్పుడు, లడ్డూ, స్వామివారి పటం ఎలాగూ తీసుకెళ్తాను, వాటితో పాటు మన ఊళ్లో మనిషి చేత్తో చేసింది ఒకటి ఇవ్వాలి అని పట్టుబట్టింది. పెద్దాయనకు గుమ్మం పక్కన ఐరిష్ భాషలో పేరున్న పలక పెట్టుకోవాలని ఎప్పటినుంచో ఉందట. అలా మొదలైంది.

ఆయన ఇంటిపేరు కాగితాల మీద స్మిత్. ఇంగ్లండులో అడుగడుక్కీ కనిపించే పేరు కదా, ఇందులో ఐరిష్ ఏముంది అనుకున్నాను నేను కూడా. అసలు పేరు మాక్ అన్ గవన్ (Mac an Ghabhann). మాక్ అంటే కొడుకు, గవ అంటే ఇనుము పని చేసే కమ్మరి. మొత్తం కలిపితే కమ్మరి కొడుకు. మన దగ్గర కమ్మరి, కుమ్మరి, వడ్ల అని ఇంటిపేర్లు లేవా, అలాంటిదే.

ముందు నేను వెళ్లింది ఈ అంగడికి కాదు. బస్టాండు వైపు మెషీన్ మీద నేమ్‌ప్లేట్లు కోసే ఒక షాపుకి వెళ్లాను, రేటు సగం కూడా లేదు, అదే రోజు ఇస్తామన్నారు. అక్క రాసిచ్చిన కాగితం ఇచ్చి, ఉన్నది ఉన్నట్టు కొట్టండి అని చెప్పి టీ తాగొచ్చేలోపు పలక రెడీ. చూస్తే మాక్ తర్వాత ఉండాల్సిన 'అన్' పోయి 'అండ్' వచ్చింది. ఏ, ఎన్ అని రాసి ఉంటే డీ మర్చిపోయారేమో అనుకుని ఆపరేటర్ కుర్రాడు కలిపాడట. గవన్‌లో రెండు హెచ్‌లు ఉండాలి, అందులో ఒకటి ఎక్కువైందని తీసేశాడు. మంచి ఉద్దేశంతోనే చేశాడు, ఆ అబ్బాయిని తిట్టలేదు, కానీ డబ్బులు వాపసు ఇవ్వలేదు, ఆ పలక ఇప్పటికీ మా ఇంట్లో బీరువా మీద పడి ఉంది. రాత్రి అక్కకు చూపిస్తే చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత అంది, 'ఆయన పేరుకి తరతరాలుగా ఇదే జరుగుతోందిరా, రాసేవాడు తనకు తెలిసిన మాటలోకి మార్చేయడం'.

మా నాన్న స్నేహితుడొకరు చెబితే ఆచారి గారి దగ్గరికి వెళ్లాం. ఆయన కాగితం చూసి రేటు చెప్పలేదు, కొలత అడగలేదు. 'ఇది ఏం పేరు, ఏం అర్థం?' అన్నారు. కమ్మరి కొడుకు అని అక్క చెప్పగానే కళ్లజోడు తీసి మళ్లీ చూశారు. ఆయన నాన్నగారు కంచరి పని చేసేవారట, తాతగారి కాలంలో నాగళ్లకు కర్రులు కూడా కొట్టేవారట. 'కమ్మరి కొడుకైతే స్మిత్ ఎట్లయినాడు తల్లీ?' అని అడిగారు, అక్క స్టూలు లాక్కుని కూర్చుంది, ఇక ఆ రోజు మాకు మధ్యాహ్నం భోజనం నాలుగింటికి.

అక్క చెప్పింది, నేను తర్వాత చదివి తెలుసుకున్నది కలిపి రాస్తున్నా. 1465లో, నాలుగో ఎడ్వర్డ్ రాజు కాలంలో, డబ్లిన్, మీత్, లౌత్, కిల్డేర్ అనే నాలుగు జిల్లాల్లో ఇంగ్లిషు వాళ్ల మధ్య ఉండే ఐరిష్ వాళ్లందరూ ఇంగ్లిషు ఇంటిపేరు పెట్టుకోవాలని చట్టం చేశారు. ఎలాంటి పేరు పెట్టుకోవాలో కూడా ఆ చట్టమే చెప్పింది. ఊరి పేరు పెట్టుకో, సట్టన్, చెస్టర్, ట్రిమ్ లాంటిది. లేదా రంగు పేరు, తెలుపు, నలుపు, గోధుమ. లేదా పని పేరు, కమ్మరి, వడ్రంగి. లేదా కొలువు పేరు, వంటవాడు, బట్లర్. అక్క ఉండే కేవన్ జిల్లా ఆ నాలుగింటిలో లేదు, అప్పటికింకా ఐరిష్ దొరల చేతుల్లోనే ఉంది. కానీ తర్వాత్తర్వాత ఇంగ్లిషు పాలన అక్కడికీ వచ్చాక, కోర్టులో, చర్చి రిజిస్టర్లో, భూమి కాగితాల్లో గవన్ అనే పేరు ఎక్కువగా స్మిత్ అయిపోయింది. అర్థం తెలిసి తర్జుమా చేశారు. పక్కనున్న లైట్రిమ్, ఇంకా పైన డొనెగల్ వైపు అదే పేరు చెవికి వినబడినట్టు రాసి మెక్‌గోవన్ అని మిగిల్చారు. అంటే ఒకే ఇంటిపేరు, జిల్లా మారితే ఒకచోట అర్థం మిగిలి శబ్దం పోయింది, ఇంకోచోట శబ్దం మిగిలి అర్థం పోయింది. 1890లో ఐర్లాండ్‌లో పుట్టిన పిల్లల నమోదులను బట్టి వేసిన లెక్కలో స్మిత్ అనేది దేశం మొత్తం మీద ఐదో పెద్ద ఇంటిపేరు. అందులో ఇంగ్లండు నుంచి వచ్చిన స్మిత్‌లు కూడా ఉంటారు, కానీ కేవన్‌లో స్మిత్ అంటే చాలామంది గవన్‌లే.

ఇది వినగానే ఆచారి గారు 'వడ్రంగికి ఏమయింది మరి?' అన్నారు. అది ఇంకా బాధగా ఉంటుంది. వడ్రంగి కొడుకు అనే ఇంటిపేరు ఐరిష్‌లో మాక్ అన్ టీర్. అందులోని అసలు మాట సీర్. దానికి చేతిపనివాడు అని ఒక అర్థం, స్వేచ్ఛ ఉన్నవాడు అని ఇంకో అర్థం. అందుకని కొందరు కార్పెంటర్ అయ్యారు, కొందరు ఫ్రీమన్ అయ్యారు, శబ్దం పట్టుకున్నవాళ్లు మెకిన్‌టైర్, మెకటీర్ అయ్యారు. గాల్వే వైపు మాక్ కొన్రీ అనే వాళ్ల పేరు చివర్లో 'రీ' వినిపించిందని, ఐరిష్‌లో రీ అంటే రాజు కాబట్టి కింగ్ అని రాసేశారు, వాళ్ల పేరుకీ రాజుకీ సంబంధమే లేదు.

గవన్ ఒక్కదానికే ఎన్ని రూపాలో చూడండి. మధ్యలో 'అన్' లేకుండా మాక్ గవన్ అని రాసుకునే వాళ్లు ఉన్నారు. ఇంగ్లిషులోకి వచ్చాక మెక్‌గోవన్, మెక్‌గౌన్, మగోవన్, గోవన్, గోవెన్, స్మిత్, స్మైత్. మగోవన్ ఎలా వచ్చిందో నాకు చదవగానే అర్థమైంది, మాక్‌లోని క, తర్వాతి గ పక్కన పడి తనూ గ అయిపోయింది. వాక్కు, దేవి కలిస్తే వాగ్దేవి అవుతుంది కదా, స్కూల్లో చదువుకున్న జశ్త్వ సంధి, అదే పని అక్కడ నాలుకలు కూడా చేశాయి. సముద్రం దాటి స్కాట్లండు వెళ్తే అదే కమ్మరి మాట నుంచి గౌ అనే చిన్న పేరు ఉంది. ఇంకోటి ఓ గోవన్, ఇది మాక్ కాదు, ఓ. మాక్ అంటే కొడుకు, ఓ అంటే మనవడు, వంశంవాడు. ఇంగ్లిషులో ఓ పక్కన కామాలాంటి గుర్తు పైన పెడతారు కదా, ఐరిష్‌లో అది ఉండదు, ఓ నెత్తి మీదే ఏటవాలు గీత ఉంటుంది. ఈ ఓలు, మాక్‌లు కూడా 17, 18 శతాబ్దాల్లో చాలామంది వదిలేసుకున్నారు. 1893లో ఐరిష్ భాష కోసం గేలిక్ లీగ్ పెట్టాక మళ్లీ ఒక్కొక్కరు తగిలించుకోవడం మొదలైంది. కేవన్ జిల్లా కూట్‌హిల్‌లో పుట్టి బ్రిటిష్ సైన్యంలో మేజర్ జనరల్ దాకా వెళ్లిన ఎరిక్ డోర్మన్ స్మిత్ 1949లో స్మిత్ తీసేసి డోర్మన్ ఓ గోవన్ అని మార్చుకున్నాడు. అక్క పక్కింటి పెద్దాయనకు చిన్నప్పుడు వాళ్ల నాన్న ఈ సంగతే చెప్పేవాడట, మనం కూడా మార్చుకుందాం అని. మార్చుకోకుండానే పోయాడు.

తమ ఇంట్లో ఎప్పుడు మారిందో పెద్దాయనకు కచ్చితంగా తెలియదు. 1901, 1911 జనాభా లెక్కల కాగితాలు అక్కడి నేషనల్ ఆర్కైవ్స్ వాళ్లు ఇంటర్నెట్లో ఉచితంగా పెట్టారు, ఇంటి పెద్ద సంతకం చేసిన ఫారాలు అలాగే కనిపిస్తాయి, ఆ ఫారంలో ఐరిష్ భాష వచ్చా అని ఒక గడి కూడా ఉంటుంది. ఆయన తాత ఫారంలో ఐరిష్, ఇంగ్లిష్ రెండూ అని ఉంది, పేరు మాత్రం స్మిత్. అంతకు ముందు కాగితాలు వెతుకుదామంటే 1922లో డబ్లిన్‌లో ఫోర్ కోర్ట్స్ అనే కోర్టుల భవనం దగ్గర రికార్డుల ఆఫీసు కాలిపోయి 1821 నుంచి 1851 దాకా జనాభా లెక్కలు దాదాపు అన్నీ బూడిదయ్యాయి, 1861 నుంచి 1891 దాకావి అంతకు ముందే ప్రభుత్వమే నాశనం చేసేసింది.

ఇంత చెప్పాక ఆచారి గారు అడిగిన ఇంకో ప్రశ్న, 'హెచ్ ఎందుకు రెండుసార్లు ఉంది?' మెషీన్ షాపులో తీసేసింది దాన్నే. ఐరిష్‌లో పాతకాలం అక్షరాలు పద్దెనిమిదే, డబ్ల్యూ, వీ లాంటివి లేవు. బీ పక్కన హెచ్ వస్తే బ శబ్దం మెత్తబడి వ అవుతుంది. జీ పక్కన హెచ్ వస్తే గ గొంతులోకి జారుతుంది. పూర్వం హెచ్ రాసేవాళ్లు కాదు, అక్షరం నెత్తిన ఒక చుక్క పెట్టేవాళ్లు. గత శతాబ్దం మధ్యలో పుస్తకాలన్నీ మామూలు రోమన్ అక్షరాల్లోకి మార్చినప్పుడు చుక్క పోయి హెచ్ వచ్చింది. పెద్దాయన బళ్లో నేర్చుకున్నది చుక్కలతోనే. ఆచారి గారు వెంటనే అన్నారు, 'మన అరసున్న మాదిరి'. నిజమే, మా తాత ఉత్తరాల్లో వాఁడు అని అరసున్న పెట్టి రాసేవారు, ఇప్పుడు నేను రాయను, శబ్దమూ పోయింది. 'అయితే ఆయన చదువుకున్నట్టే పెడదాం, చుక్కలే పెడదాం, కనుక్కో' అన్నారు. మాకు తట్టనే లేదు ఆ సంగతి. కొత్త రాతలో గవన్‌కి ఎనిమిది అక్షరాలు, పాత రాతలో ఆరు అక్షరాలు, రెండు చుక్కలు.

ఆ తర్వాతి ప్రశ్నతో ఇంకా నయం చేశారు. 'ఆయన పేరొక్కటేనా? ఆ బిడ్డను సాకింది ఆయమ్మ కదా.' అక్క అక్కడి నుంచే ఫోన్ చేసింది, సర్‌ప్రైజ్ పోతే పోయింది అని. పెద్దమ్మ చాలా సంతోషపడింది, కానీ మాక్ అని రాయొద్దు అంది. ఐరిష్‌లో ఆడవాళ్ల ఇంటిపేరు వేరుగా ఉంటుంది. మాక్ అంటే కొడుకు కాబట్టి కూతురు మాక్ ఎలా అవుతుంది? కూతురైతే నిక్ అన్ గవన్, భార్య అయితే విక్ అన్ గవన్. ఓ ఉన్న ఇళ్లలో కూతురికి నీ, భార్యకి ఈ. ఒకే ఇంట్లో తండ్రికి, తల్లికి, కూతురికి మూడు రూపాలు. ఈ విక్ అనే మాట వినడానికి వ, రాయడానికి ఎం మీద చుక్క. అంటే పలక మీద రెండు వరుసలు, మొత్తం ఐదు చుక్కలు. వాళ్ల సొంత పేర్లు ఇక్కడ రాయను, వాటిలో ఒకదాని మీద ఏటవాలు గీత ఉంది, దాన్ని ఫాదా అంటారు. ఆ మాటకు అర్థం పొడుగు, అంటే దీర్ఘమే.

పని విషయానికి వస్తే. 12 అంగుళాల పొడవు, 6 అంగుళాల ఎత్తు, 2 మిల్లీమీటర్ల మందం, బరువు ముప్పావు కిలోకి కొంచెం పైనే. ముందు ట్రేసింగ్ పేపర్ మీద పెన్సిల్‌తో గీశారు, అక్షరం మార్చి అక్షరం నాలుగు సార్లు. ఆ అక్షరాలు మనం చూసే ఇంగ్లిషు అక్షరాల్లా ఉండవు, జీ అయితే పైన అడ్డగీత పెట్టిన కొక్కెంలా ఉంటుంది. ఫొటో తీసి పెద్దాయనకు వాట్సాప్ చేస్తే, బీ మీద చుక్క గుండ్రటి భాగం మీద కాకుండా నిలువు గీత మీదకు పోయింది, కొంచెం కుడికి జరపాలి అని చెప్పారు. జరిపారు. ఆ తర్వాతే ఉలి పట్టారు. చెక్కిన లోతు ఎక్కడా తేడా లేదు, గోరు పెట్టి చూశాను. గాడిలో నల్ల ఎనామిల్ నింపి, ఆరాక పైన రుద్ది, లాకర్ అనే పారదర్శకమైన పూత కొట్టారు. అక్కడ ఎప్పుడూ తడి కాబట్టి లాకర్ లేకపోతే నెలకే చిలుము పడుతుందన్నారు. ఒక జాగ్రత్త కూడా చెప్పారు, లాకర్ ఉన్న ఇత్తడిని చింతపండు పెట్టి తోమకూడదు, మెత్తటి గుడ్డతో తుడవడమే.

మెషీన్ పనికీ దీనికీ తేడా చుక్కల్లో కనిపిస్తుంది. మెషీన్ పలక మీద చుక్క అంటే గుండుసూది గుచ్చినట్టు ఉంటుంది, దుమ్మేమో అనిపిస్తుంది. ఈయన చుక్కని అక్షరంతో సమానమైన లోతులో, చిన్న బియ్యపు గింజంత చేశారు. అది పొరపాటున పడింది కాదు, కావాలని పెట్టింది అని దూరం నుంచే తెలుస్తుంది.

పని చేస్తూ మాట్లాడుతుంటే అక్క ఒక మాట చెప్పింది, ఐరిష్ పురాణాల్లో గోయ్‌బ్నియు అని దేవతలకు ఆయుధాలు చేసే కమ్మరి దేవుడు ఉన్నాడని, గవ అనే మాట, ఆ దేవుడి పేరు ఒకే చోట నుంచి వచ్చినవని. ఆచారి గారు తలెత్తి పటం వైపు చూసి మళ్లీ పనిలో పడ్డారు. నాకు ఆ రోజంతా ఆ చూపు గుర్తుండిపోయింది.

ఇక ఇబ్బందులు. వారం అన్నారు, పదకొండు రోజులు పట్టింది. అక్క ఫ్లైటు ముందు రోజు సాయంత్రం చేతికొచ్చింది, మా ఇంట్లో అందరికీ టెన్షన్. ఫోన్ ఎత్తరు, ఏదైనా అడగాలంటే అంగడికే వెళ్లాలి, ఆ సందులో బండి పెట్టడానికి చోటు లేదు. కంప్యూటర్ బిల్లు లేదు, చేత్తో రాసిన చీటీ. మేకు రంధ్రాలు చెక్కడం అయ్యాక వేశారు, నాలుగింటిలో కింద ఎడమ వైపుది ఒక నూలు వాసి పక్కకు పోయింది. లాకర్ ఒక మూల సన్నగా బుడగ కట్టింది, చూపిస్తే ఒప్పుకుని అక్కడ మళ్లీ కొట్టారు, ఇప్పటికీ వెలుతుర్లో పట్టి చూస్తే తెలుస్తుంది. ప్యాకింగ్ ఇవ్వరు, నేనే బబుల్ షీట్ కొనుక్కున్నా. రేటు రూ. 3,600, అందులో వెయ్యి అడ్వాన్సు. బేరం ఆడితే ఒక్క రూపాయి తగ్గించలేదు. మొదటి షాపులో నాకు పోయింది రూ. 1,500, దాన్ని కూడా కలుపుకుంటే మొత్తం ఖర్చు ఎక్కువే, కానీ అది నా తప్పు, ఈయనది కాదు.

రెండు వారాలకు అక్క ఫొటో పంపింది. బూడిద రంగు గోడ మీద, తలుపు పక్కన, వానకు తడిసి పలక మెరుస్తోంది. కింద పోస్టు డబ్బా మీద స్మిత్ అని పాత తెల్ల అక్షరాలు అలాగే ఉన్నాయి, పెద్దాయన వాటిని తీయనన్నారట, మా తాత సంతకం కూడా అదే కదా అని. ఫొటో తీసుకెళ్లి ఆచారి గారికి చూపించాను. వేలితో పెద్దది చేసి ముందు ఐదు చుక్కలూ లెక్కపెట్టారు, తర్వాత పక్కకు పోయిన మేకు చూసి, 'అది నాది తప్పే' అన్నారు.

ఆ రోజే మా ఇంటికి కూడా ఒకటి చెప్పి వచ్చాను. మా ఇంటిపేరు మర్రిచెట్టుతో మొదలవుతుంది. నా టెన్త్ సర్టిఫికెట్‌లో ఇంగ్లిషులో ఒక ఆర్, పాస్‌పోర్టులో రెండు ఆర్‌లు, తమ్ముడి ఆధార్‌లో ఇంకో రకం. తెలుగులో రాయండి ఆచారి గారూ, గొడవ లేదు అంటే ఆయన ఉలి కింద పెట్టి, 'ఏ ర పెట్టమంటావు? మీ తాత బండి ర రాసేవాడా, మామూలు ర రాసేవాడా?' అన్నారు. నాకు తెలియదు. మఱ్ఱి అని రాసిన పాత భూమి దస్తావేజు చిత్తూరులో మా చిన్నాన్న బీరువాలో ఉండాలి. వచ్చే ఆదివారం వెళ్తున్నా, దాని ఫొటో తెచ్చేదాకా పలక మీద గీత గీయనన్నారు.